తమ్ముడికి ఆపరేషన్‌లో ఇచ్చిన స్కోలిన్ అనే మందు పడలేదు. గోత్రాలు వేరైనా ఇది మా అందరికీ ఉంటుందా?

తెనాలి ఆడపడుచు:

అందరికీ నమస్కారం. పోస్టు కాస్త పెద్దది, ఓపిగ్గా చదవండి. వచ్చే నెల మా పాపకి టాన్సిల్స్ ఆపరేషన్ ఉంది. ఆలోపు నాకు కొన్ని విషయాలు తెలియాలి.

మాది తెనాలి, ఆర్యవైశ్యులం. పెళ్లయ్యాక నేను హైదరాబాద్ వచ్చేశాను. మా తమ్ముడికి నరసరావుపేటలో ఎరువులు, పురుగుమందుల షాపు ఉంది. వయసు 34. జ్వరం వస్తే ఒక మాత్ర వేసుకోవడం తప్ప ఆసుపత్రి మొహం చూసినవాడు కాదు.

పోయిన నెల ఒక రాత్రి వాడికి విపరీతంగా కడుపునొప్పి వచ్చింది. 24 గంటల నొప్పి అన్నారు, అపెండిక్స్ పగిలేలా ఉంది, ఇప్పుడే తీసేయాలన్నారు. అప్పటికే కడుపునిండా భోంచేసి ఉన్నాడు. పూర్తి మత్తు ఇచ్చి, గొంతులో గొట్టం వేసి ఆపరేషన్ చేశారు. 40 నిమిషాల్లో అయిపోయింది. కానీ వాడు కదల్లేదు. సొంతంగా ఊపిరి తీసుకోలేదు. వెంటిలేటర్ మీదే ఉంచారు. అమ్మా, మరదలూ బయట బెంచీ మీద కూర్చుని ఉన్నారు. నేను కార్లో వస్తూ దారంతా ఫోన్లు చేస్తూనే ఉన్నాను. తెల్లవారుజామున వేళ్లు కదిపాడు. మొత్తం ఐదున్నర గంటలు.

ఇప్పుడు బాగానే ఉన్నాడు. కానీ వాడు చెప్పింది విన్నాక నాకు రెండు రాత్రులు నిద్ర పట్టలేదు. "అక్కా, మధ్యలో కొంతసేపు నాకు తెలివొచ్చింది. ఎవరిదో ఫోను మోగింది. నర్సమ్మ మళ్లీ చేస్తానని పెట్టేసింది. పాదాలకి ఏసీ గాలి తగులుతోంది. కళ్లు తెరుద్దామంటే రెప్ప లేవలేదు. వేలు కదుపుదామంటే అది నా వేలు కానట్టు ఉంది. చచ్చిపోయానేమో అనుకున్నా." వాడి కంటి కొసన నీళ్లు కారడం, గుండె వేగం పెరగడం మత్తు డాక్టర్ గారు గమనించి వెంటనే నిద్రమందు ఎక్కించారట. ఆయన తెల్లవార్లూ వాడి పక్కన స్టూలు వేసుకుని కూర్చున్నారు. ఆయన ఋణం మేము తీర్చుకోలేం.

పొద్దున్నే ఆయనే మమ్మల్ని కూర్చోబెట్టి చెప్పారు. స్కోలిన్ అనే మందు మనవాడి ఒంట్లో కరగలేదని, అది కరగడానికి కావలసిన ఎంజైము వాడికి పుట్టుకతోనే లేకపోయి ఉండొచ్చని, మీ వాళ్లలో ఇది ఎక్కువగా చూస్తామని. ఒక కాగితం మీద పెద్ద అక్షరాలతో "స్కోలిన్ ఇవ్వరాదు" అని రాసిచ్చి, ఇంట్లో అందరూ సూడోకోలినెస్టరేజ్ అనే రక్తపరీక్ష చేయించుకోండి అన్నారు.

రెండు వారాలు ఆగి తమ్ముణ్ణి ల్యాబుకి తీసుకెళ్లాం. పరీక్ష పేరు చూడగానే అక్కడి అబ్బాయి గొంతు తగ్గించి "పురుగుమందు ఏమన్నా తాగారా అండీ?" అని అడిగాడు. మా వైపు ఆ పరీక్ష దానికే చేస్తారట. పక్కనే ఉన్న మరదలు ఏడ్చేసింది. తాగలేదు, షాపుంది అంటే, అయితే రోజూ ఆ వాసనే పీలుస్తాడు కదా, దానివల్లే అయ్యుంటుంది అన్నాడు. రిపోర్టులో ఉండాల్సింది 5,300 నుంచి 12,900. వాడికి వచ్చింది యంత్రం కొలవగలిగినదానికంటే తక్కువ.

నాకున్న సందేహాలు ఇవీ. ఇది పుట్టుకతో వచ్చిందా, షాపు వల్లా? పుట్టుకతో అయితే అమ్మానాన్నలకి ఎందుకు లేదు? నాన్నకి హెర్నియా ఆపరేషన్ అయింది, ఏమీ కాలేదు. అమ్మ నాన్నకి సొంత మేనత్త కూతురు, అదేమన్నా కారణమా? తమ్ముడు చేసుకున్నది కూడా మేనమామ కూతుర్నే, వాళ్లకి మూడేళ్ల బాబు ఉన్నాడు. మావారిది బయటి సంబంధం. మా అత్తయ్యగారైతే "గోత్రాలు కలవకుండా చూసే చేశాం కదమ్మా, మన పాపకెందుకు వస్తుంది?" అంటున్నారు. ఆవిడ మాట నిజం కావాలనే నాకూ ఉంది. కానీ తెలుసుకోకుండా పాపని ఆ బల్ల మీద పడుకోబెట్టలేను.

మత్తు డాక్టర్, గుంటూరు:

అమ్మా, 26 ఏళ్లుగా మత్తు ఇస్తున్నాను. మీ తమ్ముడి లాంటివాళ్లను నాలుగుసార్లు చూశాను. ముందుగా పాప సంగతి చెప్తాను, మిగతావి తర్వాత.

పిల్లలకు మామూలు ఆపరేషన్లలో ఇప్పుడు స్కోలిన్ వాడం. కానీ టాన్సిల్స్ ఆపరేషన్ అయ్యాక గొట్టం తీసేటప్పుడు ఒక్కోసారి స్వరపేటిక బిగుసుకుపోయి గాలి ఆడదు. ఆ క్షణంలో వాడటానికి స్కోలిన్ సిరంజిలో ఎక్కించి చేతికందేలా పెట్టుకుంటాం. అందుకే ముందే చెప్పాలి. ఆపరేషన్ రోజు పొద్దున కాదు, ముందు రోజు చెకప్పుకి వెళ్లినప్పుడే "మా తమ్ముడికి స్కోలిన్ పడలేదు" అని చెప్పి, ఆ కాగితం చూపించండి. రోక్యురోనియం, అట్రాక్యురియం లాంటి మందులకు ఈ ఎంజైముతో పని లేదు, కాబట్టి వేరే దారి ఉంది. రిజల్టు రాకపోయినా సరే, ఉందనుకునే జాగ్రత్త పడతారు. ఆపరేషన్ మానుకోవాల్సిన అవసరమే లేదు.

స్కోలిన్ అంటే సక్సినైల్‌కోలిన్. నిమిషంలోపు ఒళ్లంతా వదులు చేసేస్తుంది, 5 నుంచి 10 నిమిషాల్లో దిగిపోతుంది. కడుపునిండా తిన్న మనిషికి, అన్నం ఊపిరితిత్తుల్లోకి పోకుండా వేగంగా గొట్టం వేయాలంటే ఇలాంటి మందు కావాలి. మీ తమ్ముడికి దాన్ని ఇవ్వడం తప్పు కాదు. అంత త్వరగా దిగడానికి కారణం, లివరు తయారుచేసి రక్తంలోకి వదిలే ఎంజైము ఆ మందును దారిలోనే ముక్కలు చేసేస్తుంది. ఇచ్చినదాంట్లో కొద్ది భాగమే కండరం దాకా వెళ్తుంది. ఎంజైము లేని మనిషికి మందంతా వెళ్తుంది, వెళ్లింది గంటల తరబడి అక్కడే కూర్చుంటుంది. అప్పుడు చేయాల్సింది రెండే. ఊపిరి అందిస్తూ ఉండటం, నిద్రలో ఉంచడం. ఆ డాక్టరు కంటినీరు చూసి నిద్రమందు ఇచ్చారని రాశారే, అది చదివి మనసు నిండింది.

నాన్నగారి హెర్నియా నడుముకి సూది వేసి చేసి ఉంటారు. అందులో స్కోలిన్ ఉండదు, కాబట్టి ఆయనకి ఏమీ కాలేదన్నదాన్ని బట్టి ఏమీ చెప్పలేం. మందు ఎదురుపడేదాకా ఈ లోపం బయటపడదు. రోజువారీ బతుకులో ఏ ఇబ్బందీ ఉండదు.

పురుగుమందు విషయం. ఆర్గానోఫాస్ఫేట్ మందులు ఈ ఎంజైమును నిజంగానే తగ్గిస్తాయి, పల్నాడులో ఆ పరీక్ష ఎక్కువగా దానికే చేస్తారు. ఆ అబ్బాయిని తప్పుపట్టక్కర్లేదు. తేడా తేల్చడానికి ఎర్రరక్తకణాల్లో ఉండే కోలినెస్టరేజ్ కూడా చేయించండి. దానికి వేరే జన్యువు ఉంది. పురుగుమందు రెంటినీ దెబ్బతీస్తుంది. పుట్టుకతో వచ్చిన లోపంలో ఎర్రకణాలది మామూలుగానే ఉంటుంది. ఇంకో గుర్తు, మందు ప్రభావమైతే దూరంగా ఉంటే కొన్ని వారాల్లో అంకె పెరుగుతుంది, జన్యువుదైతే ఎన్నాళ్లయినా కదలదు. గర్భంతో ఉన్నప్పుడు, లివరు జబ్బుల్లో కూడా ఇది తగ్గుతుందని గుర్తుంచుకోండి.

ఒక హెచ్చరిక. కొన్నిచోట్ల డిబుకైన్ నంబరు, అంటే డిబుకైన్ అనే మందు ఈ ఎంజైమును ఎంత శాతం ఆపుతుందో చూసే పరీక్ష, ఒక్కటే చేసి నార్మల్ అంటారు. 1957లో టొరంటోలో వెర్నర్ కలో బృందం కనిపెట్టిన పద్ధతి అది. మామూలువాళ్లకు 80 దగ్గర, ఈ ఎంజైము జన్యువుకు మనిషిలో ఉండే రెండు ప్రతులూ మారినవాళ్లకు 20 దగ్గర, ఒకటే మారితే 60 దగ్గర వస్తుంది. కానీ అది యూరప్ వాళ్లలో ఎక్కువగా కనిపించే రకానికి సరిపోతుంది. వాళ్లలో ఎంజైము తయారవుతుంది కానీ ఆకారం తేడా. మీ వాళ్లలో కనిపించే రకంలో ఎంజైమే ఉండదు. ఒక ప్రతి బాగున్న మనిషిలో ఉన్న కాస్త ఎంజైమూ మంచిదే కాబట్టి డిబుకైన్ నంబరు శుభ్రంగా 80 వచ్చేస్తుంది. అందుకని మొత్తం ఎంజైము ఎంతుందో చూడాలి.

పళ్ల డాక్టరు ఇచ్చే లిగ్నోకైన్ సూదికి భయపడక్కర్లేదు. మైవాక్యురియం, క్లోరోప్రొకైన్ అనే మందులు మాత్రం ఇదే ఎంజైము మీద ఆధారపడతాయి. తమ్ముడి కార్డు మీద స్కోలిన్‌తో పాటు ఈ రెండు పేర్లూ రాయించండి.

బైపీసీ మాస్టారు, ప్రొద్దుటూరు:

అమ్మాయీ, డాక్టరు గారు వైద్యం చెప్పారు. నేను జూనియర్ కాలేజీలో 31 ఏళ్లు జువాలజీ చెప్పి రిటైరయ్యాను, లెక్క నేను చెప్తాను. మీ అత్తయ్యగారి ప్రశ్న నాకు చాలా నచ్చింది, దాని దగ్గరికే వస్తాను.

ఈ ఎంజైము ఎలా తయారవ్వాలో చెప్పే జన్యువు మూడో క్రోమోజోము మీద ఉంది. మూడో క్రోమోజోములు మనకి రెండు, అమ్మది ఒకటి, నాన్నది ఒకటి. అంటే ఈ జన్యువు కూడా ప్రతి మనిషిలో రెండు ప్రతులు ఉంటుంది. రెండూ అచ్చం ఒకేలా ఉండాలని లేదు. ఒకే జన్యువుకు ఉన్న వేర్వేరు రూపాలనే పాఠ్యపుస్తకంలో యుగ్మ వికల్పాలు అంటాం, ఇంగ్లీషు మీడియం పిల్లలు అల్లీల్స్ అంటారు. యుగ్మం అన్నాం కదా అని రూపాలు రెండే అనుకోకూడదు. లోకంలో ఎన్నైనా ఉండొచ్చు, ఒక మనిషి దగ్గర రెండే ఉంటాయి. బ్లడ్ గ్రూపు చూడండి, ఎ, బి, ఓ అని మూడు ముఖ్యమైన రూపాలు, మనిషికి దక్కేవి రెండు.

ఈ ఎంజైము 574 అమైనో ఆమ్లాలు గుచ్చిన దండ. వైశ్యుల్లో ఎక్కువగా కనిపించే రూపాన్ని 2006లో ప్రచురించారు. దండలో 307వ పూస ల్యూసిన్ ఉండాలి, ప్రోలిన్ ఉంది. డీఎన్ఏలో మారింది ఒక్క అక్షరం, టి ఉండాల్సిన చోట సి. ప్రోలిన్ మొండి పూస, దండ వంగాల్సినట్టు వంగనివ్వదు. ఒక్క అక్షరానికి 574 పూసల పనీ పోయింది. పాఠం చెప్పినన్నాళ్లూ ఇలాంటి చోట క్లాసులో ఆగిపోయేవాణ్ణి, ఇప్పటికీ నాకది ఆశ్చర్యమే.

పనిచేసే ప్రతిని "ప" అనుకో, పనిచేయనిదాన్ని "శూ" అనుకో. ప-శూ ఉన్న మనిషికి ఎంజైము సుమారు సగం తయారవుతుంది. స్కోలిన్ ముక్కలు చేయడానికి సాధారణంగా ఆ సగం చాలు. అందుకే శూ అంతర్గత లక్షణంలా నడుచుకుంటుంది, అంటే ఒంటరిగా ఉన్నప్పుడు బయటపడదు. అయితే చూడు, రక్తం కొలిస్తే సగం అని కనిపిస్తూనే ఉంది. బహిర్గతం, అంతర్గతం అనేవి జన్యువు నుదుటిన రాసి ఉండవు. మనం దేన్ని చూస్తున్నామన్నదాన్ని బట్టి మారతాయి. ఊపిరిని చూస్తే దాగి ఉంది, రక్తంలో అంకెను చూస్తే దాగలేదు. మెండెల్ ముడతల బఠానీ కూడా ఇదే కథ. పిండిపదార్థం తయారుచేసే ఒక ఎంజైముకి చెందిన రెండు ప్రతులూ చెడితేనే గింజ ముడత పడుతుంది, ఒకటి బాగున్నా నున్నగానే కనిపిస్తుంది.

తమ్ముడు శూ-శూ. ఒక శూ అమ్మ ఇచ్చింది, ఒకటి నాన్న ఇచ్చాడు. కాబట్టి ఇద్దరి దగ్గరా కనీసం ఒక్కొక్కటి ఉంది. ఇద్దరూ ప-శూ అనుకుంటే ప్రతి కాన్పుకీ నాలుగు దారులు. ప-ప, ప-శూ, శూ-ప, శూ-శూ. తమ్ముడికి నాలుగోది వచ్చింది కాబట్టి నీకు రాదని కాదు, నీకూ మళ్లీ ఆ నాలుగే. నీ అంకె సున్నా దగ్గర లేదని తేలితే నాలుగోది కొట్టేస్తాం, మిగిలిన మూడింట్లో రెండు ప-శూ. అంటే నువ్వు ఒక శూ మోస్తున్న అవకాశం మూడింట రెండు వంతులు. నీ భర్త ప-ప అయితే పాపకి అత్యధికంగా ఒక శూ వస్తుంది, ఊపిరికి ఇబ్బంది రాదు. ఆయన కూడా ప-శూ అయితే మళ్లీ నాలుగింట ఒకటి. కాబట్టి అల్లుడు గారిని కూడా పరీక్షకి పంపు. అందరూ అమ్మాయి తరఫువాళ్లనే చూస్తారు, ఆయన రక్తం చూడరు.

ఇక గోత్రం. మీకు 102 గోత్రాలని చెప్తారు. గోత్రం తండ్రి నుంచి కొడుక్కి, తండ్రి నుంచి పెళ్లికాని కూతురికి, అలా ఒకే గీతలో వస్తుంది. మగపిల్లాడికి వై క్రోమోజోము వచ్చే దారి అదే. కానీ మూడో క్రోమోజోముకి గోత్రం తెలియదు. అది కొడుకు దగ్గరికీ పోతుంది, కూతురి దగ్గరికీ పోతుంది, కూతురు ఇంకో గోత్రంలోకి వెళ్తే తనూ వెళ్తుంది.

మీ ఇంట్లోనే గీసి చూడు. నీ నాన్నకి మేనత్త అంటే మీ తాతగారి చెల్లెలో అక్కో. వాళ్లిద్దరి అమ్మ, మీ తాతమ్మ దగ్గర ఒక శూ ఉందనుకో. ఒక కాన్పులో అది మీ తాతగారికి పోయింది, ఇంకో కాన్పులో ఆయన తోబుట్టువుకి పోయింది. తాతగారి నుంచి మీ నాన్నకి. ఆయన తోబుట్టువు పెళ్లి చేసుకుని వేరే గోత్రానికి వెళ్లింది, ఆమె నుంచి మీ అమ్మకి. అమ్మానాన్నల గోత్రాలు వేరు, పెళ్లిలో ఎవరూ అడ్డు చెప్పరు. కానీ తాతమ్మ దగ్గరున్న ఆ ఒక్క ప్రతే రెండు దారుల్లో నడిచొచ్చి మీ తమ్ముడిలో కలుసుకోవచ్చు. సొంత మేనత్త, మేనమామ పిల్లలు పెళ్లి చేసుకుంటే వాళ్ల బిడ్డకి ఏ జన్యువైనా ఇలా ఒకే పూర్వీకుల ప్రతి రెండుసార్లు వచ్చే అవకాశం పదహారింట ఒకటి. మేనమామనే చేసుకుంటే ఎనిమిదింట ఒకటి.

తమ్ముడి బాబు గురించి. వాడికి తండ్రి నుంచి శూ తప్పదు. తండ్రి దగ్గర ఇవ్వడానికి వేరేది లేదు. మీ అమ్మ దగ్గర ఒక శూ ఉంది కాబట్టి ఆమె అన్నదమ్ముడి దగ్గర ఉండటానికి సగం అవకాశం, ఆయన కూతురు అంటే నీ మరదలి దగ్గర పావు, ఆమె దాన్ని బాబుకి ఇవ్వడం అందులో సగం. కనీసం ఎనిమిదింట ఒకటి. బయటి నుంచి వచ్చినదాన్ని కూడా కలిపితే ఇంకొంచెం ఎక్కువ. ఆ బాబుకి ముందు చేయించండి.

నెల్లూరు కుర్రాడు:

నేనూ మీ వాణ్ణే. ఇక్కడ మన కులం పేరు పెట్టి ఇలా రాయడం నాకు బాధగా ఉంది. రేపు సంబంధాలు చూసేటప్పుడు ఇదొకటి అడుగుతారు. ఇంటిపేరు చూడగానే వీళ్ల రక్తంలో లోపం ఉందంటారు. ఇది అందరికీ ఉండేదే కదా?

బైపీసీ మాస్టారు, ప్రొద్దుటూరు:

బాబూ, నీ బాధ నాకు అర్థమైంది. కొంత నిజం కూడా చెప్పావు. ఇలాంటి జన్యురూపాలు అందరిలోనూ ఉన్నాయి, ఏ రూపం ఎక్కడ ఎక్కువ అన్నదే తేడా. 2017లో మన హైదరాబాద్‌లోని సీసీఎంబీ అనే జీవశాస్త్ర పరిశోధన సంస్థ శాస్త్రవేత్త తంగరాజ్, హార్వర్డ్‌లో డేవిడ్ రైక్ బృందం కలిసి ఒక పరిశోధన ప్రచురించారు. దక్షిణాసియాలో 263 సమూహాలను చూస్తే 81 సమూహాలు కొద్దిమంది పూర్వీకుల నుంచే పెరిగి, లోపల్లోపలే పెళ్లిళ్లు చేసుకుంటూ వచ్చాయని తేలింది. ఆ 81లో ఒక్కో సమూహానికి ఒక్కో దాగిన రూపం ఉండొచ్చు. మీ సమూహంలో దాగినదేమిటో ముందే తెలిసింది, అంతే తేడా. ఈ ఎంజైము లోపం వైశ్యుల్లో మిగతావాళ్లకంటే సుమారు 100 రెట్లు ఎక్కువని అదే పరిశోధనలో రాశారు.

ఆ కొద్దిమంది పూర్వీకుల్లో ఎవరో ఒకరి దగ్గర ఈ అక్షరం మారి ఉంది. స్కోలిన్ వైద్యంలోకి వచ్చిందే 1950 ప్రాంతంలో. అంతకుముందు తరతరాలుగా ఆ రూపం ఎవరికీ ఏ హానీ చేయలేదు, అందుకే చెరిగిపోనూ లేదు. అది లోపమా కాదా అన్నది మందు పుట్టాకే తేలింది. సంబంధాలు చెడగొట్టుకునే విషయం కాదిది. ఇద్దరు ప-శూలు పెళ్లి చేసుకున్నా, పిల్లలకి శూ-శూ వచ్చినా, వాళ్లు నూరేళ్లు హాయిగా బతుకుతారు, జేబులో ఒక కార్డు ఉంటే.

తెనాలి ఆడపడుచు:

డాక్టర్ గారూ, మాస్టారూ, మీకు చేతులెత్తి నమస్కారం. మాస్టారు గీయమన్న చెట్టు నేను పాప డ్రాయింగు పుస్తకంలో గీశాను. అత్తయ్యగారు పక్కన కూర్చుని చూశారు. తాతమ్మ దగ్గర మొదలుపెట్టి రెండు గీతలు కిందికి లాగి తమ్ముడి దగ్గర కలిపేసరికి ఆవిడ చాలాసేపు మాట్లాడలేదు. తర్వాత "అయితే ఆడపిల్ల గోత్రం మారుతుంది గానీ, పుట్టింటి రక్తం వెంట తీసుకెళ్తూనే ఉంటుందన్నమాట" అన్నారు.

మూడు వారాల్లో అందరి రిపోర్టులూ వచ్చాయి. తమ్ముడికి ఎర్రకణాల పరీక్ష నార్మల్, మామూలు పరీక్ష మళ్లీ చేసినా అదే సున్నా. కాబట్టి షాపు వల్ల కాదు. ఈ మాట విని మరదలు ఎంత తేలికపడిందో చెప్పలేను. ఆ ల్యాబులో ప్రశ్న అడిగిన రోజు నుంచి తను లోలోపల ఏదో అనుమానంతో నలిగిపోయిందని నాకు అప్పుడే తెలిసింది. అమ్మకి 3,900, నాన్నకి 4,300, నాకు 3,700. మావారికి 9,100. పాపకి 8,600! అంకె అటూ ఇటూ కలిసిపోయే అవకాశం ఉంటుందని, జన్యుపరీక్ష లేకుండా నూటికి నూరు శాతం అనుకోవద్దని ఇక్కడి డాక్టర్ చెప్పారు. సరే, స్కోలిన్ లేకుండానే చేయమన్నాను. కేసు షీటు మీద ఎర్రసిరాతో రాశారు. పోయిన శుక్రవారం ఆపరేషన్ అయింది. గంటలో కళ్లు తెరిచి ఐస్‌క్రీమ్ అడిగింది.

తమ్ముడి బాబుకి 4,100. తండ్రి నుంచి ఒకటి తప్పదన్నారుగా, అదొక్కటే వచ్చినట్టుంది.

నెల్లూరు తమ్ముడూ, నువ్వు అన్నదాని గురించి చాలా ఆలోచించాను. ఆ రాత్రి ఆపరేషన్‌కి ముందు మత్తు డాక్టర్ గారు కులం అడిగి ఉంటే మా నాన్నకి కోపం వచ్చేదేమో. నాకూ వచ్చేదేమో. ఇప్పుడు మాత్రం అడగాలనే కోరుకుంటాను. కంటి రెప్ప కూడా లేపలేక వాడు ఆ బల్ల మీద పడుకుని విన్న ఫోను మోత నాకు ఇంకా చెవుల్లో ఉంది.

ఇంకొక్క విషయం, దీని కోసమే ముఖ్యంగా మళ్లీ రాస్తున్నాను. అమ్మ తన తోబుట్టువులందరికీ ఫోన్లు చేసి కూర్చోబెట్టి మరీ చేయించింది. చీరాలలో ఉండే మా పిన్నికి, 61 ఏళ్లు, సున్నా వచ్చింది. ముగ్గురు పిల్లలూ మామూలు కాన్పులే, ఒక్కసారి కూడా మత్తు తీసుకోలేదు, ఇన్నేళ్లూ ఎవరికీ తెలియలేదు. మాస్టారూ, అంటే అమ్మ వాళ్ల నాన్నగారి వైపు కూడా ఒక శూ ఉన్నట్టే కదా? తాతమ్మ దారి ఒక్కటే కాదన్నమాట. పిన్నికి పిత్తాశయంలో రాళ్లున్నాయి, ఈ గురువారం ఆపరేషన్. కార్డు లామినేషన్ చేయించి, తాడు కట్టి, ఆమె బీపీ మాత్రల డబ్బాకి వేలాడదీసి వచ్చాను. మూడు పేర్లూ రాశాను. స్కోలిన్, మైవాక్యురియం, క్లోరోప్రొకైన్. ఇంకేమైనా రాయాలంటే బుధవారంలోపు చెప్పండి డాక్టర్ గారూ.

మత్తు డాక్టర్, గుంటూరు:

మూడు చాలమ్మా. కార్డు వెనక పక్క తమ్ముడి ఫోన్ నంబరు, నీ నంబరు రాయి. పిన్నిగారిని మత్తు డాక్టరు చూడటానికి వచ్చినప్పుడు ఆ కార్డు ఆమెనే స్వయంగా ఆయన చేతికి ఇవ్వమను. నర్సుకి ఇచ్చి ఊరుకోవద్దను. గురువారం సాయంత్రం ఎలా ఉందో ఇక్కడ ఒక ముక్క రాయి, ఎదురుచూస్తుంటాను.